మిస్టర్ బీన్ తొలి ఎపిసోడ్ తీసింది ఆయనే.. బెన్నీ హిల్‌ను ఇంటికి పంపిందీ ఆయనే!

పరీక్ష హాల్లో పక్కవాడి పేపర్‌లోకి తొంగి చూసే మిస్టర్ బీన్.. బీచ్‌లో ప్యాంటు విప్పకుండానే స్విమ్మింగ్ నిక్కర్ వేసుకోవడానికి నానా తంటాలు పడే మిస్టర్ బీన్.. చర్చిలో కూర్చుని కునికిపాట్లు పడే మిస్టర్ బీన్. ఫోన్‌లో వీడియోలు చూసేవాళ్లలో చాలామంది ఈ మూడింటిలో ఒక్కటైనా చూసే ఉంటారు. ఈ మూడు సీన్లూ ఒకే ఎపిసోడ్‌లోవి. అది మిస్టర్ బీన్ మొట్టమొదటి ఎపిసోడ్. తెర మీద ఉన్న రోవాన్ అట్కిన్సన్ అందరికీ తెలుసు. మరి దాన్ని డైరెక్ట్ చేసింది ఎవరు?

ఆయన పేరు జాన్ హోవర్డ్ డేవిస్. బ్రిటన్ టీవీ కామెడీని పాతికేళ్ల పాటు వెనకుండి నడిపించిన ప్రొడ్యూసర్, డైరెక్టర్. ఎంతోమంది నవ్వులకు ఓకే చెప్పిన మనిషి. కానీ ఆయన పేరు ఎత్తగానే బ్రిటన్‌లో చాలామందికి గుర్తొచ్చేది మాత్రం ఆయన ఓకే చెప్పిన షోలు కాదు.. వద్దన్న ఒకే ఒక్క షో! అదేంటో తెలియాలంటే ఆయన కథ మొదటి నుంచీ చూడాలి.

ఎనిమిదేళ్లకే స్టార్

డేవిస్ 1939 మార్చి 9న లండన్‌లో పుట్టాడు. తండ్రి జాక్ డేవిస్ సినిమా రచయిత. ప్రఖ్యాత దర్శకుడు డేవిడ్ లీన్ చార్లెస్ డికెన్స్ నవల ‘ఆలివర్ ట్విస్ట్’ను సినిమాగా తీస్తూ టైటిల్ పాత్రకు ఓ పిల్లాడి కోసం వెతికారు. ఆ ఛాన్స్ డేవిస్‌కు దక్కింది. షూటింగ్ నాటికి వయసు ఎనిమిదేళ్లు. అనాథాశ్రమంలో ఆకలికి తట్టుకోలేక, గిన్నె పట్టుకుని ఇంకొంచెం జావ పెట్టమని అడిగే సీన్ గుర్తుందా? పాలిపోయిన ముఖంతో, బెదురు చూపులతో ఆ గిన్నె పట్టుకున్న కుర్రాడు ఇతనే.

1948లో సినిమా రిలీజైంది. డేవిస్ పేరు మారుమోగింది. ఆ తర్వాత 1949లో ‘ది రాకింగ్ హార్స్ విన్నర్’, 1951లో ‘టామ్ బ్రౌన్స్ స్కూల్‌డేస్’ చేశాడు. అంతే.. పన్నెండేళ్లు దాటేసరికి ఆ వైభవం ముగిసిపోయింది. చైల్డ్ ఆర్టిస్టులకు ఇది మామూలే. ముద్దొచ్చే వయసు దాటాక కెమెరా ఇంకో పిల్లాడి వైపు తిరుగుతుంది.

కట్ చేస్తే.. చదువు, నేవీలో కొంతకాలం, ఆపై రకరకాల ఉద్యోగాలు. ఆస్ట్రేలియా వెళ్లి స్టేజీ మీద మ్యూజికల్‌లోనూ నటించాడు. చివరికి లండన్ తిరిగొచ్చి 1966లో బీబీసీలో ప్రొడక్షన్ అసిస్టెంట్‌గా చేరాడు. ఒకప్పుడు దేశమంతా పోస్టర్ల మీద ఉన్నవాడు, ఇప్పుడు సెట్‌లో అందరికంటే కింది మెట్టు మీద నిలబడ్డాడు. అక్కడి నుంచే అసలు కథ మొదలైంది.

కెమెరా వెనక రెండో జీవితం

రెండేళ్లలోనే ప్రొడ్యూసర్ అయ్యారు డేవిస్. 1969లో ఆరుగురు కుర్రాళ్లు ఓ వింత షోతో బీబీసీకి వచ్చారు. తలా తోకా లేని స్కెచ్‌లు.. పంచ్ లైన్ రాకముందే ఆగిపోయే సీన్లు. అదే ‘మాంటీ పైథాన్స్ ఫ్లయింగ్ సర్కస్’. దాని మొదటి నాలుగు ఎపిసోడ్లకు స్టూడియోలో డైరెక్టర్ డేవిసే. ఆ తర్వాత షో ఇయాన్ మెక్‌నాటన్ చేతికి వెళ్లింది. కానీ అంత గందరగోళాన్ని మొదటిసారి టీవీ తెరకు ఎక్కించిన పని మాత్రం డేవిస్‌ది.

ఆ తర్వాత ‘ది గుడీస్’, పాత సామాన్లు కొని అమ్ముకునే తండ్రీకొడుకుల కథ ‘స్టెప్టో అండ్ సన్’.. వరసగా పెద్ద పెద్ద షోలు ఆయన చేతికి వచ్చాయి. ఉద్యోగం మానేసి, సిటీ ఇంటి పెరట్లోనే కూరగాయలు పండిస్తూ, కోళ్లూ మేకలూ పెంచుకునే జంట కథ ‘ది గుడ్ లైఫ్’ కూడా ఆయన నిర్మించిందే. 1978లో దాని ఆఖరి స్పెషల్ ఎపిసోడ్ రికార్డింగ్‌కు సాక్షాత్తూ ఎలిజబెత్ రాణి వచ్చి ప్రేక్షకుల్లో కూర్చున్నారు.

12 ఎపిసోడ్లు.. నంబర్ వన్

వీటన్నిటికంటే పెద్ద పేరు తెచ్చింది మాత్రం 1975లో వచ్చిన ‘ఫాల్టీ టవర్స్’. పైథాన్ టీమ్‌లోని జాన్ క్లీజ్, ఆయన భార్య కానీ బూత్ కలిసి రాశారు. కస్టమర్లంటేనే చిర్రెత్తే ఓ హోటల్ ఓనర్ కథ ఇది. స్క్రిప్ట్ చదివిన బీబీసీ ఉద్యోగి ఒకరు ఇందులో ఏమీ లేదని, ఇది ఆడదని రాసిపెట్టారు కూడా. అయినా షో ముందుకే వెళ్లింది. మొదటి సీజన్ ఆరు ఎపిసోడ్లకూ ప్రొడ్యూసర్, డైరెక్టర్ డేవిసే.

పని మామూలుగా ఉండేది కాదు. వారమంతా రిహార్సల్స్.. ఆపై ఒక్క సాయంత్రంలో ప్రేక్షకుల ముందే రికార్డింగ్. అరగంట షోకు మామూలు కామెడీకి దాదాపు రెట్టింపు పేజీల స్క్రిప్ట్. డైలాగ్, తలుపు చప్పుడు, చెంపదెబ్బ.. అన్నీ సెకన్ల లెక్కన కుదరాలి. ఒక్క కెమెరా షాట్ ఆలస్యమైనా జోక్ చచ్చిపోతుంది. భర్తను గడగడలాడించే సిబిల్ పాత్రకు ప్రునెల్లా స్కేల్స్‌ను ఎంపిక చేసింది కూడా డేవిసే. ఇప్పుడు ఆ పాత్రలో మరొకరిని ఊహించుకోలేం.

రిజల్ట్? 1976లో ఉత్తమ సిట్‌కామ్‌గా బాఫ్టా అవార్డు. రెండు సీజన్లు కలిపి తీసింది కేవలం 12 ఎపిసోడ్లే.. అయినా 2000లో బ్రిటిష్ ఫిల్మ్ ఇన్‌స్టిట్యూట్ ప్రకటించిన వంద అత్యుత్తమ బ్రిటన్ టీవీ కార్యక్రమాల లిస్టులో మొదటి స్థానం దీనిదే.

1970ల చివర్లో బీబీసీ కామెడీ హెడ్ కుర్చీలోకి వచ్చారు డేవిస్. ‘ఓన్లీ ఫూల్స్ అండ్ హార్సెస్’కు పచ్చజెండా ఊపింది అప్పుడే. రోవాన్ అట్కిన్సన్‌ను బ్రిటన్‌లో ఇంటింటికీ తెలిసేలా చేసిన ‘నాట్ ద నైన్ ఓ క్లాక్ న్యూస్’ కూడా ఆ రోజుల్లో మొదలైందే.

ఆ ఒక్క నిర్ణయం

1980ల్లో డేవిస్ థేమ్స్ టెలివిజన్‌కు మారారు. అక్కడ వినోద విభాగానికి హెడ్ అయ్యారు. ఆ ఛానెల్‌కు 1969 నుంచీ బంగారు బాతు ఒకటుంది.. బెన్నీ హిల్! బట్టతల ముసలాయన, చుట్టూ అమ్మాయిలు, ఫాస్ట్ ఫార్వర్డ్‌లో పరుగులు.. ఆ ట్యూన్ వినగానే ఇప్పటికీ చాలామంది గుర్తుపడతారు. 1971లో ఆ షోను బ్రిటన్‌లో 2 కోట్ల మందికి పైగా చూశారు. చార్లీ చాప్లిన్ లాంటి వాడే ఆయన అభిమాని.

కానీ 1989 నాటికి పరిస్థితి మారింది. ప్రేక్షకులు తగ్గారు. ఖర్చు పెరిగింది. ఆడవాళ్లను చూపించే తీరు మీద విమర్శలు గట్టిగా వినిపించాయి. ఆ ఏడాది మే నెలలో బెన్నీ హిల్‌ను ఆఫీసుకు పిలిపించారు డేవిస్. కాంట్రాక్ట్ ఇక పొడిగించట్లేదని చెప్పేశారు. ఇరవై ఏళ్ల బంధం కాసేపట్లో తెగిపోయింది.

రేటింగ్స్ పడిపోయాయని, ఖర్చు ఎక్కువైందని, హిల్ అలసిపోయినట్టు కనిపిస్తున్నారని డేవిస్ కారణాలు చెప్పారు. లెక్కల్లో ఆ మాట తప్పు కాదు. కానీ హిల్‌కు భార్యాపిల్లలు లేరు.. షోనే ఆయన లోకం. 1992 ఏప్రిల్‌లో తన ఫ్లాట్‌లో ఒంటరిగా చనిపోయారు. రోజులు గడిచాక గానీ ఆ విషయం బయటపడలేదు. ఆ చావు తర్వాత అభిమానుల వేళ్లన్నీ డేవిస్ వైపే తిరిగాయి. అప్పటికే హిల్ గుండె జబ్బుతో బాధపడుతున్నారన్నది ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు.

ఏడు నెలలకే మిస్టర్ బీన్

ఇక్కడే అసలు ట్విస్ట్. హిల్ వెళ్లిపోయిన ఏడు నెలలకు.. 1990 జనవరి 1న అదే థేమ్స్ ద్వారా మిస్టర్ బీన్ టీవీలోకి వచ్చాడు. డైరెక్టర్ జాన్ హోవర్డ్ డేవిస్. చర్చి సీన్‌లో బీన్ పక్కన ఇబ్బందిగా కూర్చునే పెద్దమనిషి ఎవరో కాదు.. ‘ది గుడ్ లైఫ్’ హీరో రిచర్డ్ బ్రయర్స్. రాసినవాళ్లలో ఒకరు బెన్ ఎల్టన్. బెన్నీ హిల్ షో మీద బహిరంగంగా విమర్శలు చేసిన కమెడియన్ కూడా ఆయనే! మాటలు తక్కువ, చేష్టలు ఎక్కువ.. హిల్‌ను ప్రపంచమంతా తిప్పిన సూత్రమే బీన్‌నూ తిప్పింది. అమ్మాయిల వెంట పరుగులు మాత్రం లేవు. అదే ఏడాది ఆ ఎపిసోడ్‌కు స్విట్జర్లాండ్‌లోని మాంత్రో ఫెస్టివల్‌లో గోల్డెన్ రోజ్ అవార్డు వచ్చింది.

మరి డేవిస్ చేసింది తప్పా ఒప్పా? ఈ వాదన బ్రిటన్‌లో ఇప్పటికీ తెగలేదు. తెర మీంచి దిగిపోవడం అంటే ఏంటో డేవిస్‌కు చిన్నప్పుడే అనుభవం. కాకపోతే ఆయనకు రెండో జీవితం వెతుక్కునే వయసు ఉంది. 65 ఏళ్ల బెన్నీ హిల్‌కు ఆ టైమ్ లేదు. ఏ షో ఎప్పుడు మొదలవ్వాలో డేవిస్‌కు తెలిసినంతగా బ్రిటన్‌లో కొద్దిమందికే తెలుసు. ముగింపు ఎలా చెప్పాలన్న దగ్గరే మచ్చ మిగిలిపోయింది.

2011 ఆగస్టు 22న 72 ఏళ్ల వయసులో క్యాన్సర్‌తో డేవిస్ కన్నుమూశారు. ఆలివర్ ట్విస్ట్ ఫొటో, ఫాల్టీ టవర్స్ పేరు, బెన్నీ హిల్ ప్రస్తావన.. ఆయన మరణ వార్తల్లో ఈ మూడూ పక్కపక్కనే వచ్చాయి. ఈసారి మిస్టర్ బీన్ చర్చి సీన్ మీ ఫీడ్‌లోకి వస్తే స్క్రోల్ చేయకుండా చివరిదాకా చూడండి. క్రెడిట్స్‌లో డైరెక్టర్‌గా కనిపించే పేరు.. ఒకప్పుడు గిన్నె పట్టుకుని ఇంకొంచెం పెట్టమని అడిగిన ఆ కుర్రాడిదే.