కాంచనమాల

తెలుగు తెర మాటలాడ నేర్చినది 1932వ సంవత్సరమున 'భక్త ప్రహ్లాద'తో. అటుపిమ్మట మూడేండ్లకు ఆ తెరమీదికి వచ్చి, ఏడెనిమిదేండ్లలో ఆంధ్రదేశమంతటను పేరొంది, అంత త్వరితముగనే మరుగుపడిన నటీమణి కాంచనమాల. ఆమె జీవితమును మా విద్యార్థులకు సంగ్రహముగా దెలుపుచున్నాము.

ఆమె 1917వ సంవత్సరమున గుంటూరు మండలమున జన్మించెను. 1935లో 'శ్రీకృష్ణ తులాభారము'న నొక చిన్న వేషముతో చిత్రసీమ ప్రవేశించెను. మరుసటి యేట 'వీరాభిమన్యు', 1937లో 'విప్రనారాయణ' వచ్చెను. 1938లో హెచ్. ఎం. రెడ్డిగారి 'గృహలక్ష్మి' ఆమె కీర్తిని మరింత పెంచెను.

ఆ యేటనే గూడవల్లి రామబ్రహ్మముగారు 'మాలపిల్ల' చిత్రమును వెలువరించిరి. చలముగారి కథకు తాపీ ధర్మారావుగారు సంభాషణలు కూర్చిరి. దేవాలయ ప్రవేశమునకై హరిజనులు పోరాడుచుండిన దినములవి. అందు హరిజన కన్యయగు శంపాలత కాంచనమాల. పూజారి కుమారుడామెను వలచి, ఆమెతో కలకత్తా చేరును. తుదకు మంటలలో జిక్కిన పూజారి భార్యను ఒక హరిజనుడు కాపాడగా, ఆ పూజారి మనస్సు కరగి గుడి తలుపులు తెరచుకొనును. ఆమె సౌందర్యమును జూడవచ్చినవారు అంటరానితనమను పాపమును గూడ జూచి మరలిరి. 1939లో బి. ఎన్. రెడ్డిగారి 'వందేమాతరము'న నాగయ్యగారి సరసను, వరకట్నముచే నలిగిన యిల్లాలుగా ఆమె నటించెను.

1942లో జెమినీవారి 'బాలనాగమ్మ' గొప్ప విజయము నొందెను. కాని ఒప్పందమును గూర్చిన వివాదము పుట్టి, ఆమె నటజీవితమునకు అడ్డుకట్ట పడినది. అప్పటికామెకు పాతికేండ్లు. పిదప భర్త క్షయవ్యాధిచే మరణించెను. ఆ దుఃఖమున ఆమె మనస్సు చెదరిపోయినది. ఇంటింట పటముగా వ్రేలాడిన ముఖము లోకమునకు కనుమరుగయ్యెను. 1963లో, నటి లక్ష్మీరాజ్యముగారు నిర్మించిన 'నర్తనశాల'యందు ఒక స్వల్ప పాత్రలో ఆమె మరల కానవచ్చెను. వెనుకటి ప్రాభవము తిరిగి రాలేదు. 1981లో ఆమె దివంగతురాలయ్యెను.

బాలబాలికలారా, ఈ చరిత్రమును మేము రెండు కారణములచే జెప్పితిమి. ప్రతిభ యెంత గలవారైనను, తాము చేవ్రాలుంచు పత్రము తమ్ము నెంతకాలము కట్టివేయునో యెరిగియుండవలెను. చదువు అందులకే. రెండవది మనల గూర్చినది. చప్పట్లు కొట్టుట సులభము. ఆ చప్పట్లు ఆగిన పిమ్మట ఆ మనిషి యెట్లున్నదని విచారించుట కష్టము. పొరుగువారిని ప్రేమింపుమన్న ప్రభువు ఆజ్ఞ ఈ రెండవదానిని గూర్చినదే యని మా విశ్వాసము. వెలుగులో నున్నవారిని మెచ్చుకొనుడు. వెలుగు తొలగినవారిని మరువకుడు.