నూతిలోంచి పలికిన గొంతుక బైరాగి

తెనాలి: తన గుండెలోని గాయాన్ని తానే విప్పి చూసుకున్న కవి ఆలూరి బైరాగి. అభ్యుదయ కవిత్వం ఉరకలు వేస్తున్న కాలంలో ఆయన ఏ జెండా కిందా నిలవలేదు. తన సందేహాన్నీ, భయాన్నీ, ఓటమినీ దాచుకోకుండా పాఠకుడి ముందుంచారు. ఆ ఒంటరితనం జీవితంలోనూ ఆయనను వీడలేదు.

బైరాగి 1925 సెప్టెంబరు 5న తెనాలి ఐతానగరంలో జన్మించారు. 'చందమామ' వ్యవస్థాపకుల్లో ఒకరైన చక్రపాణిదీ ఆ ఊరే. చిన్న వయసులోనే ఉత్తరాదికి వెళ్లి హిందీ నేర్చిన బైరాగికి ఆ భాషే జీవనాధారమైంది. కొంతకాలం హిందీ ఉపాధ్యాయుడిగా, మరికొంతకాలం మద్రాసులో హిందీ 'చందమామ' సంపాదకుడిగా పనిచేశారు. హిందీలోనూ కవిత్వం రాశారు. ఎం.ఎన్.రాయ్ భావాలు ఆయనను ఆకర్షించాయి. ఏ కొలువులోనూ ఎక్కువకాలం ఇమడలేకపోయారు. పెళ్లి చేసుకోలేదు.

ముగ్గురి నోట ఒకే వేదన

1955లో వచ్చిన 'నూతిలో గొంతుకలు' ఆయనకు శాశ్వత కీర్తి తెచ్చింది. అందులో అర్జునుడు, హామ్లెట్, రాస్కల్నికోవ్ తమ అంతరంగాన్ని విప్పుతారు. ఒకరు మహాభారత వీరుడు, ఒకరు షేక్‌స్పియర్ నాటకంలోని రాకుమారుడు, ఒకరు దొస్తొయెవ్‌స్కీ నవలలోని హంతకుడు. మొదటి ఇద్దరినీ చంపడానికి ముందు సంశయం పట్టుకుంటే, మూడో వ్యక్తిని చంపిన తర్వాత అంతరాత్మ వేధిస్తుంది. చేయడమా, మానడమా అన్న ఆ ముగ్గురి సంఘర్షణ నిజానికి బైరాగిదే.

అమెరికాలో రాబర్ట్ లోవెల్ తన ఇంటి కలతలనూ, మనోవ్యాధినీ నేరుగా కవితల్లో చెప్పుకున్న 'లైఫ్ స్టడీస్' 1959లో వెలువడింది. ఆ తరహా రచనకు ఆత్మనివేదన కవిత్వమని పేరు వచ్చింది. అంతకు నాలుగేళ్ల ముందే బైరాగి తెలుగులో ఆ లోతులు తడిమారు. అయితే ఆయన తన పేరుతో మాట్లాడలేదు. పరాయి పాత్రల నోట తన బాధను పలికించారు. అందువల్లే అది ఒక్కడి గోడుగా మిగిలిపోక, దారి తోచని ప్రతి మనిషి వేదనగా మారింది.

ఆలస్యంగా అందిన గౌరవం

కథకుడిగానూ బైరాగిది ప్రత్యేక స్థానం. 'దివ్యభవనం' ఆయన కథల సంపుటి. అయినా జీవించి ఉండగా ఆయన ప్రతిభకు తగిన ఆదరణ దక్కలేదు. యాభై మూడో ఏడు నిండిన నాలుగు రోజులకే, 1978 సెప్టెంబరు 9న కన్నుమూశారు. మరణానంతరం ప్రచురితమైన 'ఆగమగీతి'కి 1984లో కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కారం లభించింది. దానిని అందుకోవడానికి అప్పటికి కవి లేరు. ఆయన కవిత్వాన్ని చదివి తమ సందేహాలను గుర్తుపట్టే పాఠకులు మాత్రం ఆ తర్వాతి తరాల్లోనూ ఉన్నారు.