టీ నగర్‌లో ‘టీ’ అంటే ఎవరు?

2025 నవంబరు 5. ఆ పొద్దున మా కాలేజీ క్యాంటీన్‌లో ఇడ్లీలు చల్లారిపోతున్నా ఎవరూ పట్టించుకోలేదు. అందరి కళ్ళూ ఫోన్లలోనే. న్యూయార్క్ మేయర్ ఎన్నికలో జొహ్రాన్ మమ్‌దానీ గెలిచాడు. ముప్పై నాలుగేళ్ళ వాడు, సినిమా దర్శకురాలు మీరా నాయర్ కొడుకు. బస్సులు ఫ్రీ చేస్తానన్నాడని, ఇంటద్దెలు పెంచనివ్వనన్నాడని మావాళ్ళంతా ఒకటే చర్చ. అక్కడ ఓటున్నవాళ్ళ కన్నా మాకే ఎక్కువ తెలుసనిపించింది. అంతలో ఒకడు మామూలుగా అడిగాడు, మన వైజాగ్ మేయర్ ఎవర్రా అని.

బెంచీ మొత్తం నిశ్శబ్దం. కాసేపాగి ఎవరో కమిషనర్ పేరు చెప్పారు. అది జవాబు కాదు. కమిషనర్ ప్రభుత్వం వేసిన అధికారి. మేయర్ మనం గెలిపించిన కార్పొరేటర్లు ఎన్నుకున్న మనిషి. సింహాచలం కొండ కింద అడవివరంలో పుట్టి పెరిగిన నాకూ ఆ పేరు వెంటనే తట్టలేదు. ఆ సిగ్గుతోనే ఆ రాత్రి కూర్చుని, అసలు ఊరిని ఊరివాళ్ళే ఏలుకోవడం మన దగ్గర ఎప్పుడు మొదలైందా అని వెతికాను. వెతుకుతూ పోతే ఒక తెలుగాయన తగిలాడు. ఆయన పేరు మనందరం రోజూ అంటాం. కానీ సగమే అంటాం. చెన్నై వెళ్తే బట్టలకి ఎక్కడికెళ్తాం? టీ నగర్‌కి. ఆ ‘టీ’ త్యాగరాయ. సర్ పిట్టి త్యాగరాయ చెట్టి.

ఆయన 1852లో పుట్టాడు. ఇంట్లో మాట్లాడేది తెలుగు, కులం దేవాంగులు, వృత్తి నేత. ఉత్తర మద్రాసులో చాకలిపేట చుట్టుపక్కల అప్పట్లో మగ్గాల చప్పుడు, తెలుగు మాట రెండూ గట్టిగానే వినబడేవి. అది కలిగిన కుటుంబం కావడంతో ఆయన ప్రెసిడెన్సీ కాలేజీలో డిగ్రీ చదివాడు. చదువయ్యాక మాత్రం చాలామంది పట్టభద్రుల్లా సర్కారు కొలువు కోసం పరిగెత్తకుండా వ్యాపారంలోకే వచ్చాడు.

మన బ్రాంచి వాళ్ళకి నచ్చే సంగతి ఇక్కడొకటుంది. పాత మగ్గం మీద నేతగాడు పడుగు మధ్యలోంచి నాడెను ఒక చేత్తో విసిరి రెండో చేత్తో పట్టుకోవాలి. అందుకే గుడ్డ వెడల్పు చేతుల చాపుకి మించేది కాదు, పని కూడా నెమ్మదిగా సాగేది. ఫ్లై షటిల్ వచ్చాక తాడు లాగితే చాలు, నాడె తనంతట తనే అటూ ఇటూ పరిగెడుతుంది. ఇంగ్లండులో జాన్ కే దీన్ని 1733లోనే కనిపెట్టాడు. మన నేతగాళ్ళ చేతికి రావడానికి మాత్రం ఒకటిన్నర శతాబ్దం పైనే పట్టింది. మిల్లు గుడ్డ ధాటికి చేనేత కుప్పకూలుతున్న ఆ రోజుల్లో, మంచి మగ్గం ఇస్తే నేతగాడు నిలబడగలడని నమ్మినవాళ్ళలో త్యాగరాయ చెట్టి ఒకడు. నమ్మి ఊరుకోకుండా సొంతంగా మగ్గాల కార్ఖానా నడిపాడు. 1909లో దక్షిణాది వర్తకులు తమ కోసం ఒక చాంబర్ ఆఫ్ కామర్స్ పెట్టుకున్నప్పుడు ముందు నిలబడిందీ ఆయనే.

ఇక ఊరి సంగతి. మద్రాసు కార్పొరేషన్ మన దేశంలోకెల్లా పాతది. 1688లో ఈస్టిండియా కంపెనీ వాళ్ళు పెట్టారు. అప్పుడు మేయర్ అనే పదవి కూడా ఉండేది. కొన్నాళ్ళకి ఆ పేరు పోయింది. ప్రభుత్వం వేసే అధికారే అధ్యక్షుడయ్యాడు. ఊరి జనం కొందరు సభ్యుల్ని ఎన్నుకునేవారు, వాళ్ళు మాట్లాడేవారు, పైన కూర్చున్న తెల్లదొర నిర్ణయించేవాడు. అలాంటి సభలోకి త్యాగరాయ చెట్టి 1882లో అడుగుపెట్టాడు. అప్పటికి ఆయనకి ముప్పై ఏళ్ళు. అప్పట్నుంచి దాదాపు నలభై ఏళ్ళు అక్కడే ఉన్నాడు. నీళ్ళు, మురుగు కాలవలు, దీపాలు, రోడ్లు, బడులు. ఏ కవీ పద్యం రాయని పనులివి. నలభై ఏళ్ళు వాటి గురించే మాట్లాడటానికి ఎంత ఓపిక కావాలో, మన క్లబ్బు మీటింగుకి రెండు సార్లు వచ్చి మూడోసారి ఎగ్గొట్టిన నాలాంటివాడికి బాగా తెలుసు.

ఆ సభలో ఆయనకి గట్టి ప్రత్యర్థి డాక్టర్ టి.ఎం.నాయర్. ఇద్దరికీ పడేది కాదు. సి.నటేశ మొదలియార్ అనే ఇంకో డాక్టరు మధ్యలో ఉండి ఇద్దర్నీ ఒక చోట కూర్చోబెట్టాడు. 1916లో ముగ్గురూ కలిసి పెట్టిన సంఘమే తర్వాత జస్టిస్ పార్టీ అని పేరు పడింది. సర్కారు కొలువుల్లో, చదువుల్లో బ్రాహ్మణేతరులకి వాటా ఏదీ అని అడుగుతూ ఆ ఏడాది డిసెంబరులో ప్రకటన విడుదల చేసింది త్యాగరాయ చెట్టే. ఆయన నాస్తికుడేమీ కాదు, దైవభక్తి బాగా ఉన్నవాడు. ఒక పెద్ద గుడి కుంభాభిషేకానికి పదివేల రూపాయలు విరాళమిచ్చి కూడా, కులం కారణంగా పైన వేదిక మీదికి రానివ్వకపోతే కింద నిలబడాల్సి వచ్చిందని ఆయన గురించి చెప్పుకుంటారు. అది ఎంతవరకూ నిజమైనా, అలాంటి అనుభవం ఆ రోజుల్లో ఎందరికో ఉండేది. ఆ పార్టీ వెనక ఉన్న కోపం అదే.

1919లో మద్రాసు నగరానికి కొత్త చట్టం వచ్చింది. ఇక మీదట అధ్యక్షుణ్ణి సర్కారు వెయ్యదు, సభ్యులే ఎన్నుకుంటారు. 1920లో వాళ్ళు ఎన్నుకున్నది త్యాగరాయ చెట్టిని. 1913లో కట్టిన రిప్పన్ బిల్డింగులో, అధికారులు కూర్చునే కుర్చీలో, మగ్గాల పేట నుంచి వచ్చిన తెలుగాయన కూర్చున్నాడు. మేయర్ అన్న పేరు మళ్ళీ 1933లో గానీ రాలేదు. పేరు ఏదైనా పని అదే.

కుర్చీ ఎక్కాక ఆయన చేసిన పనుల్లో ఒకటి మనందరికీ తెలియాలి. థౌజండ్ లైట్స్ అనే పేటలో కార్పొరేషన్ బడి ఉండేది. పిల్లలు పేదవాళ్ళు, మధ్యాహ్నం తిండి లేక బడికి రావడమే మానేస్తున్నారు. 1920 సెప్టెంబరులో కార్పొరేషన్ ఒక తీర్మానం చేసింది. ఆ బడి పిల్లలకి మధ్యాహ్నం టిఫిను పెట్టాలి, పిల్లవాడికి రోజుకి అణా దాటకూడదు. అణా అంటే రూపాయిలో పదహారో వంతు. తర్వాత ఇంకొన్ని బడులకి పాకింది. 1925లో బ్రిటిష్ ప్రభుత్వం, ప్రాథమిక విద్య నిధుల్లోంచి తిండికి ఖర్చు పెట్టడానికి వీల్లేదని ఆపేసింది. ఆపినా ఆలోచన చావలేదు. 1956లో కామరాజ్ దాన్ని రాష్ట్రమంతా తెచ్చారు, 1982లో ఎం.జి.ఆర్ పెంచారు, 2001లో సుప్రీంకోర్టు దేశం మొత్తానికీ వండిన అన్నం పెట్టమంది. మనలో సర్కారు బడిలో చదివినవాళ్ళు ఎందరు? పప్పు, కోడిగుడ్డు కోసం కంచం పట్టుకుని లైన్లో నిలబడ్డ గుర్తు నాకుంది. ఆ లైను మొదలు ఎక్కడుందో నాకు మొన్నటిదాకా తెలీదు.

అదే 1920 నవంబరులో ప్రెసిడెన్సీ శాసనసభకి మొదటి ఎన్నికలు జరిగాయి. అప్పుడు మన విశాఖ జిల్లా కూడా ఆ ప్రెసిడెన్సీలోదే. కాంగ్రెస్ బహిష్కరించింది. 98 సీట్లకి 63 జస్టిస్ పార్టీ గెలిచింది. (మన జీవీఎంసీ వార్డులు కూడా సరిగ్గా 98 కావడం కాకతాళీయం.) గవర్నర్ లార్డ్ విల్లింగ్డన్ మంత్రివర్గం పెట్టమని త్యాగరాయ చెట్టినే పిలిచాడు. ఇప్పటి లెక్కలో ముఖ్యమంత్రి పదవి అది. ఆయన వద్దన్నాడు. ఆ పదవి ముందు సుబ్బరాయలు రెడ్డియార్‌కి, కొన్ని నెలలకే కాళహస్తి వైపు తెలుగువాడైన పానగల్ రాజా రామరాయణింగారికి వెళ్ళింది. ఆ పానగల్ రాజా హయాంలోనే ఆంధ్ర విశ్వవిద్యాలయం చట్టం వచ్చింది. సింహాచలం లాంటి గుళ్ళ లెక్కలు చూసే దేవాదాయ శాఖకి పునాది అనదగ్గ చట్టం కూడా ఆ కాలందే. త్యాగరాయ చెట్టి మాత్రం ఊరి కుర్చీలోనే ఉండిపోయాడు.

ప్రెసిడెన్సీ మొత్తం చేతికొస్తుంటే మురుగు కాలవల దగ్గరే ఎందుకు ఆగిపోయాడు? పార్టీని నడపాలనుకున్నాడని కొందరంటారు. వయసు కూడా డెబ్బైకి దగ్గర పడింది. నాకు మాత్రం ఇంకోటనిపిస్తుంది. నలభై ఏళ్ళు ఒకే పని నేర్చుకున్నవాడికి, ఆ పని చేసే అధికారం తీరా చేతికొచ్చాక వదిలి వెళ్ళబుద్ధి కాదు.

1922లో ఇంగ్లండు యువరాజు మద్రాసు వచ్చాడు. ఊరి పెద్దగా ఎదురెళ్ళి స్వాగతం చెప్పాల్సింది ఈయనే. దొరల దర్బారు దుస్తులు వేసుకోకుండా ఎప్పటిలాగే తెల్ల పంచె, తెల్ల కోటు, తలపాగాతో వెళ్ళాడని చెబుతారు. తమిళులు ఆయన్ని ఇప్పటికీ తెల్లబట్టల రారాజు అనే అర్థం వచ్చే పేరుతో తలుచుకుంటారు.

దేవుణ్ణి చేసి చెప్పడం నాకిష్టం లేదు. ఆ పార్టీకి మచ్చలున్నాయి. గాంధీ సహాయ నిరాకరణ అంటుంటే వీళ్ళు బ్రిటిష్ వాళ్ళతో చెయ్యి కలిపి పదవుల్లో కూర్చున్నారు. ఆ ఎన్నికల్లో ఓటు హక్కు ఆస్తిని బట్టే ఉండేది, నూటికి ముగ్గురు నలుగురికి మించి లేదు. ఆడవాళ్ళకి ఓటు 1921లో మద్రాసు సభే బ్రిటిష్ ఇండియా రాష్ట్రాల్లో ముందుగా ఇచ్చింది గానీ, అక్కడా ఆస్తి షరతే. 1921లో బకింగ్‌హామ్ కర్ణాటిక్ మిల్లు సమ్మె గొడవల్లో జస్టిస్ పార్టీ పెద్దలు ఆదిద్రావిడుల మీద నింద వేశారు. ఆ వర్గం నాయకుడు ఎం.సి.రాజా 1923లో పార్టీ వదిలి వెళ్ళిపోయాడు. వేదిక కింద నిలబడటం ఎలా ఉంటుందో తెలిసినవాళ్ళు, తమ కింద ఇంకొకరు నిలబడి ఉన్నారని మర్చిపోయారు.

త్యాగరాయ చెట్టి 1925లో చనిపోయాడు. బడి పిల్లల టిఫిను ఆగిపోయిందీ ఆ ఏడాదే. అప్పుడే మద్రాసులో ఒక కొత్త పేట లేస్తోంది. దానికి ఆయన పేరు పెట్టారు. మధ్యలో పార్కుకి పానగల్ పేరు. ఇవాళ ఆ రోడ్ల మీద తిరిగే వేల మందికి అది టీ నగర్, ఇది పానగల్ పార్కు, అంతే.

మళ్ళీ మన ఊరికొస్తాను. విశాఖ 1979లో కార్పొరేషన్ అయింది, 1981లో ఎన్.ఎస్.ఎన్.రెడ్డి మొదటి మేయర్ అయ్యారు. 2007లో ఎన్నికైన పాలకవర్గం గడువు 2012లో తీరిపోయింది. ఆ తర్వాత ఎన్నిక 2021 మార్చిలో. మధ్యలో తొమ్మిదేళ్ళు ఈ ఊరికి మేయరూ లేడు, కార్పొరేటర్లూ లేరు. 2014 అక్టోబరు 12న హుద్‌హుద్ వచ్చి ఊరిని పిండి చేసినప్పుడు లేరు. 2020 మేలో గ్యాస్ లీకైన పొద్దున కూడా లేరు. అధికారులు పని చెయ్యలేదని నేననను, రాత్రింబవళ్ళు చేసినవాళ్ళున్నారు. కానీ మన వీధి తరఫున తలుపు కొట్టి అడగడానికి, నచ్చకపోతే ఐదేళ్ళకి ఇంటికి పంపడానికి ఒక మనిషి లేడు. 1919 ముందు మద్రాసు ఎలా ఉండేదో, మనం తొమ్మిదేళ్ళు అలాగే ఉన్నాం. అప్పుడు దొరలు కుర్చీ ఇవ్వలేదు. మనం మాత్రం ఉన్న కుర్చీ ఖాళీగా పడుంటే గమనించనైనా గమనించలేదు. నాకది ఎక్కువ బాధగా ఉంది.

ఈసారి ప్లేస్‌మెంట్ ఇంటర్వ్యూకో, బట్టలకో చెన్నై వెళ్తే సెంట్రల్ స్టేషన్‌లో దిగి బయటికి రండి. పక్కనే తెల్లటి పెద్ద భవనం కనిపిస్తుంది. అదే రిప్పన్ బిల్డింగ్. దాని ముందు తలపాగాతో ఒక విగ్రహం ఉంటుంది. ఒక్క నిమిషం ఆగి చూసి, ఆ తర్వాత టీ నగర్ బస్సెక్కండి.

ఇంటికొచ్చాక మీ వార్డు నంబరు ఎంతో, ఓటర్ల జాబితాలో మీ పేరుందో లేదో చూసుకోండి. నేను ఆ రాత్రే చూసుకున్నాను. నా పేరు లేదు. మర్నాడే దరఖాస్తు పెట్టాను.