ఆల్బర్ట్ హిల్

ఆల్బర్ట్ హిల్ ఇంగ్లండు దేశమున ప్రసిద్ధి గాంచిన పరుగువీరుడు. ఇతడు 1889వ సంవత్సరమున లండను నగరములోని టూటింగు అను ప్రాంతమున జన్మించెను. 1910లో నాలుగు మైళ్ల పరుగుపందెమున జాతీయ విజేత అయ్యెను. ఇంకను గొప్ప విజయములు పొందవలసిన తరుణమున, 1914లో మొదటి ప్రపంచయుద్ధము సంభవించెను. హిల్ సైన్యమున చేరి ఫ్రాన్సు దేశమున పనిచేసెను. 1916లో జరుగవలసిన ఒలింపిక్ క్రీడలు యుద్ధకారణముగా జరుగనే లేదు.

యుద్ధము ముగియునప్పటికి హిల్‌కు ముప్పది ఏండ్లు సమీపించెను. పరుగువీరునకు అమూల్యమైన యౌవనము చాలవరకు గడచిపోయెను. అయినను అతడు నిరాశ చెందలేదు. సామ్ ముస్సాబిని అను శిక్షకుని కడ అభ్యాసము కావించి, 1919లో అర్ధమైలు, మైలు పందెములు రెండింటను జాతీయ విజేత అయ్యెను.

1920లో బెల్జియము దేశమందలి ఆంట్వెర్ప్ నగరమున ఒలింపిక్ క్రీడలు జరిగెను. అప్పటికి హిల్ వయస్సు 31 సంవత్సరములు. అతడు 800 మీటర్ల పందెమును 1 నిమిషము 53.4 సెకండ్లలో గెలిచెను. రెండు దినములు గడచిన పిదప 1500 మీటర్ల పందెమునందును స్వర్ణపతకము సాధించెను. అందు రెండవ స్థానము పొందిన ఫిలిప్ నోయెల్-బేకరే 1959లో నోబెల్ శాంతి బహుమతిని అందుకొనెను.

1921లో మైలు పందెమున మరల జాతీయ విజేతయై, పిమ్మట హిల్ పోటీలనుండి విరమించెను. కాని తన విద్యను తనతోనే ముగిసిపోనీయలేదు. సిడ్నీ వూడర్సన్ అను యువకునకు శిక్షణ యిచ్చెను. ఆ శిష్యుడు 1937లో మైలు పరుగున ప్రపంచ రికార్డు నెలకొల్పెను.

హిల్ 1969లో కెనడా దేశమున మరణించెను. పోయిన కాలము తిరిగి రాదు. మిగిలిన కాలమును సద్వినియోగము చేసికొనువాడే ధన్యుడని ఇతని జీవితము చాటుచున్నది.