మాలపిల్లను తెరకెక్కించిన గూడవల్లి రామబ్రహ్మం

ఉదయగిరి హాస్టల్లో చదివే రోజుల్లో ఆదివారం వస్తే టీవీ ముందు చోటు కోసం పోట్లాడుకునేవాళ్లం. సినిమా అంటే మాకు పాటలు, ఫైట్లు, హీరో. దర్శకుడి పేరు పడేటప్పుడు ఎవరమూ చదివేవాళ్లం కాదు. తర్వాత ఆత్మకూరులో కాలేజీలో చేరాక, ఎక్కడుంటారని తోటివారు అడిగితే రూములో ఉంటామని చెప్పేవాళ్లం. హాస్టల్ పేరు చెబితే కులం తెలిసిపోతుందని భయం. పీజీలో చేరాక ఒక పాత సినిమా గురించి చదివాం. మేము దాచుకున్న మాట దాని పేరులోనే ఉంది. ఆ సినిమా తీసిన గూడవల్లి రామబ్రహ్మం గారిని ఈ వార్షికోత్సవ సంచికలో మన తమ్ముళ్లకు పరిచయం చేయాలనుకున్నాం.

రామబ్రహ్మం గారు 1902లో కృష్ణా జిల్లా నందమూరులో రైతు కుటుంబంలో పుట్టారు. మొదట పత్రికా రచయిత. మద్రాసులో ప్రజామిత్ర పత్రికకు సంపాదకులుగా పనిచేశారు. ఆ రోజుల్లో తెలుగు సినిమా అంటే పురాణ కథలే ఎక్కువ. చదువురాని వారికి పత్రిక చేరదు, సినిమా చేరుతుంది. ఆ బలాన్ని గుర్తించి, సమాజంలోని సమస్యలనే ఆయన తెర మీదికి తెచ్చారు. చల్లపల్లి రాజా యార్లగడ్డ శివరామప్రసాద్ గారి అండతో సారథి సంస్థ ద్వారా సినిమాలు తీశారు.

1938లో మాలపిల్ల విడుదలైంది. కథ గుడిపాటి వెంకటచలం గారిది. తాపీ ధర్మారావు గారు జనం మాట్లాడుకునే భాషలో మాటలు రాశారు. హరిజనులను గుడిలోకి రానివ్వని సుందరరామశాస్త్రి కొడుకు నాగరాజు, హరిజన యువతి శంపాలతను ప్రేమిస్తాడు. ఇద్దరూ కలకత్తా వెళ్తారు. అక్కడ శంపాలత చదువుకుంటుంది. చివరికి మంటల్లో చిక్కుకున్న శాస్త్రి భార్యను ఒక హరిజనుడు కాపాడడంతో శాస్త్రి మనసు మారుతుంది. కాంచనమాల శంపాలతగా, గోవిందరాజుల సుబ్బారావు శాస్త్రిగా నటించారు. తిరువాన్కూరులో 1936లో గుడి తలుపులు తెరుచుకున్నా, మన మద్రాసు రాష్ట్రంలో ఆలయ ప్రవేశ చట్టం 1939లో గాని రాలేదు. అంటే చట్టం కంటే ముందే ఈ సినిమా వచ్చింది. సినిమా చూసివచ్చిన వారికి అగ్రహారాల్లో శుద్ధి చేయించారని కూడా చెబుతారు.

మరుసటి ఏడాది, 1939లో, జమీందారీ పీడన మీద రైతుబిడ్డ తీశారు. బళ్లారి రాఘవ, టంగుటూరి సూర్యకుమారి అందులో నటించారు. ఒక జమీందారు అండతో జమీందారీలను ఎదిరించే సినిమా రావడం విశేషం. అప్పటి నెల్లూరు జిల్లాలోని వెంకటగిరి జమీందారీలో రైతులు పోరాడుతున్న కాలమది. నెల్లూరు నుంచి వెలువడే జమీన్ రైతు పత్రిక వారి పక్షాన నిలిచింది. జమీందార్లకు ఈ సినిమా కంటగింపయింది. చివరికి ప్రభుత్వం నిషేధించింది. జమీందారీల రద్దు చట్టం వచ్చింది 1948లో. అది చూడడానికి రామబ్రహ్మం గారు లేరు.

తర్వాత ఇల్లాలు, అపవాదు, పత్ని, పంతులమ్మ, మాయాలోకం తీశారు. చివరగా పల్నాటి యుద్ధం మొదలుపెట్టి, అది పూర్తి కాకుండానే 1946 అక్టోబరు 1న కన్నుమూశారు. అప్పటికి ఆయన వయసు 44 ఏళ్లే. మిగిలిన భాగాన్ని ఎల్.వి. ప్రసాద్ గారు పూర్తిచేయగా 1947లో విడుదలైంది. అన్ని కులాలవారినీ ఒకే చాప మీద కూర్చోబెట్టి చాపకూడు పెట్టిన బ్రహ్మనాయుడి కథ అది. హాస్టల్ వరండాలో ప్లేట్లు పట్టుకుని వరసగా కూర్చుని తిన్న మనకు ఆ కథ ఎవరూ విడమరిచి చెప్పనక్కర్లేదు.

మాలపిల్లలో మాకు లోటు కూడా కనిపించింది. పై కులంవారి మనసు కరిగితేనే గుడి తలుపు తెరుచుకుంటుంది. ఒక ప్రాణం కాపాడితే గాని మనిషిగా లెక్కలోకి రాకపోవడం ఏం న్యాయం? దయ చూపితే వచ్చేది వేరు, హక్కుగా వచ్చేది వేరు. ఆ హక్కును అంబేద్కర్ గారు రాజ్యాంగంలో రాయించారు. మన హాస్టల్ సీటు అలా వచ్చిందే. అయినా ఆ పేరును పోస్టర్ల మీద పెద్ద అక్షరాలతో రాయించిన రామబ్రహ్మం గారి ధైర్యం తక్కువది కాదు.

శంపాలతను నిలబెట్టింది చదువే. మా ఇంట్లో మొదటి డిగ్రీ మాది. అది ఉదయగిరి, ఆత్మకూరు హాస్టళ్లు పెట్టిన అన్నంతో వచ్చింది. ఇప్పుడు ఎవరైనా ఎక్కడ చదువుకున్నారని అడిగితే సోషల్ వెల్ఫేర్ హాస్టల్లో అని ముందుగా చెబుతున్నాం. తమ్ముళ్లారా, మీరు మాలాగా అయిదేళ్లు ఆలస్యం చేయకండి.