ఎస్.వి.రంగారావు

సామర్ల వెంకట రంగారావు (జూలై 3, 1918 - జూలై 18, 1974) సుప్రసిద్ధ తెలుగు సినిమా నటుడు, దర్శకుడు, నిర్మాత. ఎస్వీఆర్‌గా పేరొందిన ఈయన నూజివీడులో జన్మించాడు. అప్పట్లో కృష్ణా జిల్లాలో ఉన్న ఈ పట్టణం 2022 నుండి ఏలూరు జిల్లాలో ఉంది.

నట జీవితం

అగ్నిమాపక శాఖలో ఉద్యోగం చేసిన తరువాత, వరూధిని (1947)లో కథానాయకుడైన ప్రవరుడి పాత్రతో చిత్రరంగ ప్రవేశం చేశాడు. ఆ చిత్రం పరాజయం పొందడంతో జంషెడ్‌పూర్‌లోని టాటా కంపెనీలో ఉద్యోగానికి వెళ్ళాడు. తిరిగి వచ్చాక గుణచిత్ర నటుడిగా స్థిరపడ్డాడు. పాతాళభైరవి (1951)లో నేపాళ మాంత్రికుడు, మాయాబజార్ (1957)లో ఘటోత్కచుడు ఈయన చిరస్మరణీయ పాత్రలు. నర్తనశాల (1963)లోని కీచక పాత్రకు జకార్తాలో జరిగిన ఆఫ్రో-ఆసియా చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటుడి బహుమతి లభించింది.

దర్శకత్వం

పౌరాణిక, జానపద పాత్రలతో అంతటి కీర్తి గడించినప్పటికీ, దర్శకుడిగా సాంఘిక కథలనే ఎన్నుకోవడం గమనార్హం. చదరంగం (1967), బాంధవ్యాలు (1968) చిత్రాలకు దర్శకత్వం వహించి, వాటిలో నటించాడు. ఉమ్మడి కుటుంబ అనుబంధాలను చిత్రించిన బాంధవ్యాలు, తాను నటించిన కణ్ కండ దైవం అనే తమిళ చిత్రానికి తెలుగు రూపం. దీనికి ఉత్తమ చిత్రంగా నంది బహుమతి లభించింది. నటుడి ఖ్యాతి ముందు దర్శకుడి కృషి మరుగున పడింది.

మరణం, స్మృతి

56 ఏళ్ళ వయసులో గుండెపోటుతో మద్రాసులో మరణించాడు. జీవితకాలంలో పద్మ పురస్కారం దక్కలేదు. 2013లో భారత తపాలా శాఖ ఈయన స్మృత్యర్థం తపాలా బిళ్ళ విడుదల చేసింది. 2019లో తాడేపల్లిగూడెంలో ఈయన విగ్రహాన్ని నటుడు చిరంజీవి ఆవిష్కరించాడు.