కట్టమంచి రామలింగారెడ్డి: పరాయి పాలనలో ఒక స్వతంత్ర మేధ

జయించినవారు మొదట కోటలను, తరువాత ఖజానాను, చివరకు భాషను వశపరచుకొనటం చరిత్రలో మనం తరచుగా చూసే విషయమే. రష్యా చక్రవర్తి 1876లో ఉక్రెయిన్ ప్రజల భాషలో గ్రంథముద్రణను చాలవరకు నిషేధించాడు. మన ఆంగ్ల ప్రభువులు తెలుగును నిషేధించలేదు. కచేరీలోను, కళాశాలలోను దానికి పెద్దపీట లేకుండా చేశారు. ఫలితంగా చదువుకున్నవాడే తన భాషను చిన్నచూపు చూడసాగాడు. ఆ చిన్నచూపుకు తలవంచని మేధావులలో మన చిత్తూరు సీమవారైన కట్టమంచి రామలింగారెడ్డి గారు అగ్రగణ్యులు.

రెడ్డిగారు 1880 డిసెంబరు 10న చిత్తూరు చెంతనున్న కట్టమంచిలో జన్మించారు. అప్పటికి చిత్తూరు ఉత్తర ఆర్కాటు జిల్లాకు ముఖ్యపట్టణం. తెలుగు, తమిళం, ఉర్దూ ఒకే సంతలో వినిపించే ఈ సీమకు ఎల్లలు గీసినది ప్రజల భాష కాదు, పాలకుల సౌకర్యం. చిత్తూరు ప్రత్యేక జిల్లా అయినది 1911లో మాత్రమే.

మద్రాసు క్రైస్తవ కళాశాలలో చదువుతుండగానే, 1899లో, ఆయన 'ముసలమ్మ మరణము' అనే కావ్యం రచించారు. బ్రౌను దొర ప్రకటించిన అనంతపుర చరిత్రలోని కథ అది. బుక్కరాయసముద్రం చెరువుకట్టను కాపాడటానికి ప్రాణమర్పించిన ఒక సామాన్య గృహిణి అందులో నాయిక. రాజులను, అప్సరసలను వర్ణించటమే కావ్యమని నమ్మిన రోజులలో రాయలసీమ పల్లెపడుచుకు పట్టం కట్టటం సాహసమే.

అనంతరం ప్రభుత్వ విద్యార్థి వేతనంతో కేంబ్రిడ్జి చేరి, అక్కడి యూనియన్‌కు ఉపాధ్యక్షులైన తొలి భారతీయునిగా ప్రసిద్ధి గాంచారు. స్వదేశానికి వచ్చి బరోడాలోను, మైసూరులోను ఆచార్యపదవులు నిర్వహించారు. ఇంత ఆంగ్లవిద్య గడించినవాడు తెలుగును మరచి ఉంటే ఎవరూ ఆశ్చర్యపడేవారు కారు. ఆయన మాత్రం 1914లో 'కవిత్వతత్త్వ విచారము' ప్రకటించారు. ప్రబంధకవుల అనుకరణ దోషాలను నిర్మొహమాటంగా ఖండించటంతో పండితులు ఆగ్రహించారు. పరాయి కొలబద్దతో మన కవులను కొలుస్తున్నారని ఆక్షేపించారు. ఆ ఆక్షేపణను మనం తేలికగా తీసివేయరాదు. అయితే ఆ కొలబద్దతో ఆయన కనుగొన్న మేటి కవి పరదేశి కాడు. నంద్యాల ప్రభువుకు 'కళాపూర్ణోదయము'ను అంకితమిచ్చిన పింగళి సూరన. తెచ్చుకున్న దీపంతో మన ఇంటి మూలనున్న రత్నాన్నే వెదికి చూపారన్నమాట.

ఆంధ్రుల చిరకాల వాంఛితమైన ఆంధ్ర విశ్వవిద్యాలయం 1926లో ఏర్పడగా, దానికి ఆయనే ప్రథమ ఉపాధ్యక్షులు. 1930లో ఉప్పు సత్యాగ్రహం సాగుతుండగా ప్రభుత్వ దమననీతికి నిరసనగా ఆ పదవికి రాజీనామా చేశారు. తిరిగి 1936 నుండి 1949 వరకు అదే పీఠాన్ని అలంకరించారు. ఇందులో ఒక వైచిత్రి ఉన్నది. ఆ విశ్వవిద్యాలయాన్ని తీర్చిదిద్దినది రాయలసీమ బిడ్డ. కాని రాయలసీమ కళాశాలలు మద్రాసు విశ్వవిద్యాలయం క్రిందనే ఉండిపోయాయి. తిరుపతిలో శ్రీ వేంకటేశ్వర విశ్వవిద్యాలయం 1954లో వెలసేనాటికి ఆయన లేరు. 1951 ఫిబ్రవరి 24న కన్నుమూశారు.

1942లో ఆయన ఆంగ్ల ప్రభుత్వం ఇచ్చిన 'సర్' బిరుదు స్వీకరించిన సంగతిని మనం దాచనవసరం లేదు. దమననీతిని నిరసించి పదవిని విడిచినవాడే ఆ ప్రభువుల బిరుదును ధరించటం మనకు వింతగా తోచవచ్చు. పరపాలన మనుష్యుల మనస్సులలో కల్పించే చిక్కుముడి అటువంటిది. ధిక్కారం, మర్యాద అనే రెండు పోగులు అందులో పెనవేసుకొని ఉంటాయి. ఆ ముడి ఒక తరంలో పూర్తిగా విడిపోయేది కాదు.

ఉర్దూను, తెలుగును ఒకే ప్రాంగణంలో చదువుకుంటున్న మన విద్యార్థులకు ఈ జీవితం ఎంతో సన్నిహితం. ఉద్యోగానికి ఆంగ్లం తప్పనిసరి అని అందరూ చెబుతారు, అది నిజమే. కాని ఆంగ్లం వచ్చిన తరువాత ఇంటి భాషలో ఒక పుస్తకం చదవటానికి సిగ్గుపడితే, పాలకులు వెళ్ళిపోయినా వారి పాలన మనలో మిగిలినట్లే. కేంబ్రిడ్జి నుండి తిరిగివచ్చి సూరనను చదివిన కట్టమంచివారిని అప్పుడు మనం జ్ఞాపకం చేసుకుందాం.